నలభై రెండేళ్ల వయసులో క్యారెక్టర్ ఆర్టిస్టుగా రావచ్చా?

మీరు రాసింది రెండుసార్లు చదివాను. వయసు నలభై రెండు, ప్రైవేటు సంస్థలో అకౌంట్స్ ఉద్యోగం, పద్దెనిమిదేళ్లుగా పరిషత్తు నాటకాలు, రెండు షార్ట్ ఫిల్ముల్లో తండ్రి వేషం. ఉద్యోగం మానేసి హైదరాబాద్ వచ్చి క్యారెక్టర్ ఆర్టిస్టుగా స్థిరపడవచ్చా, సీరియల్ చేస్తే సినిమావాళ్లు దూరం పెడతారా, ఆడిషన్‌కి ఏం పంపాలి అని అడిగారు. మీతో కలిసి నాటకాలాడే ఒకావిడ కూడా ఇదే ఆలోచనలో ఉన్నారని చివర్లో రాశారు.

నేను సినిమాల్లో అసిస్టెంట్‌గా మొదలై కో-డైరెక్టర్‌గా చాలా ఏళ్లు చేశాను. గత ఆరేళ్లుగా సీరియల్ డైరెక్ట్ చేస్తున్నాను. ఆర్టిస్టుల డేట్లు చూడటం, కొత్తవాళ్లను పిలిపించి డైరెక్టర్‌కు చూపించడం ఎక్కువకాలం నా పనే. ఎవరికి ఫోన్ మోగింది, ఎవరికి ఎందుకు ఆగిపోయింది అన్నది దగ్గర నుంచి చూశాను. కాబట్టి ఆ వైపు నుంచే చెబుతాను.

రావచ్చు. ఉద్యోగం మాత్రం ఇప్పుడే మానకండి.

మొదటి వేషం ఎలాగోలా దొరుకుతుందండీ. అనుకున్న ఆర్టిస్టుకు డేట్లు కుదరవు, లేదా ఆయనకు జ్వరం వస్తుంది, లేదా డైరెక్టర్ ఎక్కడో మీ నాటకం చూసి ఉంటాడు. మొదటి వేషం దొరికినవాళ్లు, సినిమావాళ్లు ఎక్కువగా ఉండే హైదరాబాద్ కృష్ణానగర్‌లో వీధికి పదిమంది కనిపిస్తారు. ఈ వృత్తి నడిచేది రెండో పిలుపు మీద. అదే డైరెక్టర్, అదే కంపెనీ, అదే కో-డైరెక్టర్ మళ్లీ ఫోన్ చేయాలి. హీరోకు మార్కెట్ ఉంటుంది, హీరోయిన్‌కు సీజన్ ఉంటుంది. క్యారెక్టర్ ఆర్టిస్టుకు ఉండేది ఈ పిలుపు ఒక్కటే.

ఎస్.వి.రంగారావు గారి జీవితం చూడండి. ఆయన అగ్నిమాపక శాఖలో ఉద్యోగం వదిలేసి 'వరూధిని'లో హీరోగా చేశారు. సినిమా ఆడలేదు. జంషెడ్‌పూర్ వెళ్లి మళ్లీ ఉద్యోగంలో చేరారు. ఆయనంతటి నటుడికే మొదటి పిలుపు అన్నం పెట్టలేదు. తర్వాత 1950లో విజయా వారి 'షావుకారు'లో సున్నం రంగడి వేషం వేశారు. ఆ రౌడీ వేషం చూసిన కంపెనీయే మరుసటి ఏడాది 'పాతాళభైరవి'లో నేపాళ మాంత్రికుణ్ణి ఆయన చేతిలో పెట్టింది. అప్పటికి ఆయనకు ముప్పై మూడేళ్లు కూడా నిండలేదు. ఆ తర్వాత 'పెళ్లి చేసి చూడు', 'మిస్సమ్మ', 1957లో 'మాయాబజార్' అన్నీ ఆ కంపెనీవే. సున్నం రంగడు చిన్న వేషమే కదా అని ఆయన తేలిగ్గా చేసి ఉంటే మనకు ఘటోత్కచుడు ఎవరు అయ్యేవారో!

కైకాల సత్యనారాయణ గారిది ఇంకో దారి. 1959లో 'సిపాయి కూతురు'తో హీరోగా వచ్చారు. అది పోయింది. మనిషి ఎన్.టి.రామారావు గారి పోలికలో ఉన్నారని ఆయనకు డూప్‌గా పెట్టుకున్నారు. హీరోగా పరిచయమైన మనిషి డూప్‌గా నిలబడాలంటే ఎంత గుండె కావాలో ఆలోచించండి. 1960లో విఠలాచార్య గారు 'కనకదుర్గ పూజా మహిమ'లో విలన్ వేషం ఇచ్చాక ఆయన అసలు దారి తెరుచుకుంది. అక్కడి నుంచి 'యమగోల' యముడి దాకా, ఆ తర్వాత కూడా దశాబ్దాల పాటు ఆయన లేని సినిమా సంవత్సరం లేదు.

మరి ఉద్యోగం సంగతి. కోట శ్రీనివాసరావు గారు స్టేట్ బ్యాంకులో పనిచేస్తూనే నాటకాలు ఆడారు. 1978లో 'ప్రాణం ఖరీదు'తో తెరమీదికి వచ్చారు. జనం ఆయన్ని ఇంటిపేరుతో గుర్తుపట్టింది 1985లో 'ప్రతిఘటన'లో కాశయ్య వేశాక. మధ్యలో ఏడేళ్లు. జె.వి.సోమయాజులు గారు 'శంకరాభరణం' చేసేనాటికి డిప్యూటీ కలెక్టర్. నటన మీద ప్రేమ తక్కువై వాళ్లు ఉద్యోగం పట్టుకుని ఉన్నారంటే నేను ఒప్పుకోను. నెల జీతం వస్తున్నవాడు సెట్‌లో నిదానంగా ఉంటాడు. ఇంటి అద్దె టెన్షన్ పెట్టుకుని వచ్చినవాడు ఒక్క డైలాగులోనే తన ప్రతిభంతా చూపించేయాలని ఆరాటపడతాడు. ఆ ఆరాటం కెమెరాకు కనబడిపోతుంది. డైరెక్టర్‌కు ఏం జరుగుతోందో పేరు పెట్టి చెప్పడం రాకపోవచ్చు, కానీ "ఈయన కొంచెం ఎక్కువ చేస్తున్నాడు" అంటాడు. అక్కడితో రెండో పిలుపు పోతుంది.

మీరు సెలవులు కూడబెట్టుకోండి. ఏడాదికి ఇన్ని రోజులు అని ఒక లెక్క వేసుకుని, ఆ రోజులు మాత్రం అడిగినవాళ్లకు కచ్చితంగా ఇవ్వండి. వారం ముందు చెబితే వస్తాను, రాత్రికి రాత్రి అంటే కుదరదు అని మొదటే చెప్పండి. అలా చెప్పినందుకు ఎవరూ మిమ్మల్ని తీసేయరు. ఒప్పుకుని చివరి నిమిషంలో తప్పించుకుంటే తీసేస్తారు.

డేట్ల విషయం ఎందుకింత గట్టిగా చెబుతున్నానంటే, బయటివాళ్లకు మా పని ఎలా జరుగుతుందో తెలియదు. షెడ్యూల్ వేసేటప్పుడు ముందు హీరో డేట్లు రాస్తాం. తర్వాత హీరోయిన్, తర్వాత లొకేషన్. వాటి మధ్య కాంబినేషన్, అంటే ఒకే సీన్‌లో ఉండాల్సినవాళ్లంతా ఒకే రోజు దొరికేలా కుదర్చాలి. ఒక పెళ్లి సీన్‌లో హీరో హీరోయిన్ల చుట్టూ ఉండే ప్యాడింగ్ ఆర్టిస్టులు పన్నెండుమంది ఉంటారు. ఒక్కరు రాకపోతే ఆ సీన్ మొత్తం ఆగుతుంది, లేదా ఆయన వేషాన్నే సీన్‌లోంచి తీసేస్తాం. తీసేయడమే ఎక్కువ జరుగుతుంది. ఒకసారి ఒక మంచి నటుడు, పేరు చెప్పను, మా సినిమాలో సగం సీన్ చేసి వెళ్లి, వేరే వేషం కోసం మీసం తీయించుకుని వచ్చాడు. అతికించిన మీసం క్లోజప్‌లో నిలవలేదు. మిగతా సగం సీన్‌లో ఆయన వీపు మాత్రమే తీశాం. సినిమాలో ఆయన పాత్ర ఇంటర్వెల్ తర్వాత ఎక్కడికి పోయిందో ఎవరికీ తెలియదు. ఆయన నటన ముందు నేను ఇప్పటికీ తలవంచుతాను, కానీ ఆ డైరెక్టర్ దగ్గర ఆయన పేరు మళ్లీ ఎత్తలేకపోయాను. కంటిన్యూటీ అంటే, ఒక షాట్‌లో ఉన్నట్టే తర్వాతి షాట్‌లోనూ ఉండటమంటే, చొక్కా బొత్తాలు ఒక్కటే కాదండీ. గడ్డం, జుట్టు, బరువు, చేతికున్న దారం, అన్నీ.

ఇక నటన. పరిషత్తు అనుభవం మీకు పెద్ద ఆస్తి. డైలాగు నోటికి రావడం, భయం లేకపోవడం, పెద్ద సీన్ మోయగల ఊపిరి, ఇవి కొత్తవాళ్లకు డబ్బిచ్చి నేర్పించలేం. అయితే స్టేజీ మీద మీరు చివరి వరుస దాకా చేరాలి. ఇక్కడ చివరి వరుస మీ ముఖానికి మూడడుగుల దూరంలో ఉంది. గొంతు తగ్గించడం తేలికే, నెలలో వస్తుంది. కష్టమైనది వేరే ఉంది.

క్యారెక్టర్ ఆర్టిస్టు పనిలో ముప్పాతిక వంతు వినడమే. కథ హీరోది. తండ్రిగా, మామగా, పోలీసుగా మీరు నిలబడి అతను చెప్పేది వింటుంటారు. ఆ వినడంలో మీరు నిజంగా ఉన్నారా, మీ తర్వాతి డైలాగు కోసం ఎదురుచూస్తున్నారా అన్నది ఎడిటింగ్ టేబుల్ మీద తెలిసిపోతుంది. ఎడిటర్‌కు సీన్‌లో ఎక్కడ కట్ చేయాలో తోచనప్పుడు వినేవాడి ముఖం వెతుకుతాడు. బాగా విన్న నటుడికి సినిమాలో నిడివి పెరుగుతుంది. రాసిన డైలాగులు రెండే అయినా తెరమీద ఆయన కనబడుతూనే ఉంటాడు. గుమ్మడి వెంకటేశ్వరరావు గారి పాత సినిమాలు శబ్దం ఆపేసి చూడండి. ఎదుటివాడు మాట్లాడుతున్నప్పుడు ఆయన కళ్లలో ఏం జరుగుతోందో చూడండి. నేను కొత్త అసిస్టెంట్లకు కూడా ఈ పని చెబుతాను.

దీనికి తోడు సెట్‌లో ఎవరూ రాసి పెట్టని ఒక మర్యాద ఉంది. మీ షాట్ అయిపోయాక కెమెరా ఎదుటివాళ్ల మీదికి తిరుగుతుంది. సజెషన్‌లో, అంటే మీ వెనక నుంచి ఎదుటివాళ్లను తీసే షాట్‌లో, మీ భుజం ఉంటుంది, లేదా అసలు మీరు ఫ్రేమ్‌లోనే ఉండరు. అప్పుడు మీ డైలాగు అసిస్టెంట్ చదివేస్తాడు, మీరు వెళ్లి కుర్చీలో కూర్చోవచ్చు. ఒక పెద్దావిడ మా సినిమాలో బామ్మ వేషం వేశారు. రెండు రోజుల వేషం. హీరో క్లోజప్ తీస్తుంటే ఆవిడ వెళ్లలేదు. కెమెరా పక్కన నిలబడి, మానిటర్ (టేక్‌కు ముందు రిహార్సల్) దగ్గరి నుంచి ఆఖరి టేక్ దాకా ప్రతిసారీ కన్నీళ్లతో అదే డైలాగు అదే బరువుతో చెప్పారు. ఆ కన్నీళ్లు ఏ ఫిల్మ్‌లోనూ పడలేదు. కానీ ఆ హీరో ఆరోజు చేసినంత బాగా ఆ సినిమాలో ఇంకెక్కడా చేయలేదు. సాయంత్రం ఆయనే వచ్చి "ఆ బామ్మగారికి ఇంకో సీన్ ఉంటే బాగుంటుంది" అన్నాడు. రెండు రోజుల వేషం ఎనిమిది రోజులైంది. ఆవిడకు ఆ తర్వాత నేనే ఐదు సినిమాలకు ఫోన్ చేశాను.

డబ్బింగ్ గురించి ముందే తెలుసుకోండి. మన సినిమాల్లో ఎక్కువ భాగం సెట్‌లో చెప్పిన గొంతు ఉంచరు. నెలల తర్వాత చీకటి గదిలో మైకు ముందు నిలబడి, మీ పెదాలకు మీరే మళ్లీ మాట అతకాలి. స్టేజీ నటులు ఇక్కడ తడబడతారు. సెట్‌లో ఏడ్చిన ఏడుపు ఇక్కడ కుర్చీ పక్కన నిలబడి ఏడవాలి. ఇంట్లో మీ షార్ట్ ఫిల్మ్ శబ్దం ఆపేసి, ఫోన్‌లో రికార్డు చేసి పైన పెట్టి చూసుకోండి. నెల రోజులు చేస్తే చాలు.

మీ యాస గురించి మీరు కొంచెం సంకోచంగా రాశారు. దాన్ని పోగొట్టుకోకండి. కోట గారు 'ప్రతిఘటన'లో తెలంగాణ యాసతో మాట్లాడితే జనానికి ఆ మనిషి తెలిసినవాడిలా అనిపించాడు. 2018లో 'కేరాఫ్ కంచరపాలెం' చాలావరకు ఆ ఊరివాళ్లతోనే తీశారు. 2023లో 'బలగం' వచ్చాక నాటకరంగంలో ఏళ్లుగా ఉన్నవాళ్ల కోసం వెతకడం ఎక్కువైంది. 'డీజే టిల్లు'లో తండ్రిగా చేసిన మురళీధర్ గౌడ్ గారు ఉద్యోగ విరమణ తర్వాత ఈ పనిలో నిలదొక్కుకున్నారు. ఇవి చూస్తుంటే నాకు నిజంగా సంతోషంగా ఉంటుంది. నేను మొదలుపెట్టిన రోజుల్లో తండ్రి అంటే శాలువా, సిల్కు పంచె, ఒకే రకం పుస్తక భాష. ఇప్పుడు మీలాంటి మనిషికి చోటుంది.

ముద్ర పడిపోతుందేమో అని భయపడుతున్నారు కదా, తండ్రి వేషాలే ఇస్తారేమో అని. మొదటి పదేళ్లు ముద్ర పడాలనే కోరుకోండి. మా దగ్గర పాత్ర గురించి చర్చించేటప్పుడు "ఫలానా ఆయనలాంటి వాడు" అనుకుంటాం. ఆ ఫలానా మీరు కావాలి. గుమ్మడి గారు 1955లో 'అర్ధాంగి'లో తనకంటే పెద్దవాడైన అక్కినేని నాగేశ్వరరావు గారికి తండ్రిగా వేశారు. ఇరవై ఏడేళ్ల వయసు! నేను తండ్రినేంటి అనలేదు. సూర్యకాంతం గారి పేరు ఆడపిల్లలకు పెట్టడానికే జనం జంకేవారంటారు. ఒక నటి చేసిన పనికి ఇంతకంటే పెద్ద సాక్ష్యం ఏముంటుంది?

ముద్ర దాటే అవకాశం మాత్రం వచ్చినప్పుడు వదలకూడదు. అది సాధారణంగా తక్కువ డబ్బుతోనో, చిన్న కంపెనీ నుంచో, కొత్త డైరెక్టర్ నుంచో వస్తుంది. కాశయ్య లాంటి క్రూరుణ్ణి చేసిన రెండేళ్లకే, 1987లో జంధ్యాల గారి 'అహ నా పెళ్లంట'లో కోట గారు పిసినారి లక్ష్మీపతి అయ్యారు. ఆ ఒక్క మలుపు లేకపోతే ఆయన చాలామంది విలన్లలో ఒకరుగా ఉండిపోయేవారని నా నమ్మకం. పి.ఎల్.నారాయణ గారికి ఉత్తమ సహాయ నటుడిగా జాతీయ అవార్డు వచ్చింది 'యజ్ఞం' అనే చిన్న సినిమాకి. జాతీయ అవార్డుల్లో సహాయ నటులకంటూ ఒక విభాగం 1984 సంవత్సరపు సినిమాలతోనే మొదలైంది. రంగారావు గారి తరమంతా అలాంటి గుర్తింపు లేకుండానే వెళ్లిపోయింది. నాకు ఇప్పటికీ అది బాధగానే ఉంటుంది.

మీ సహనటి గారి విషయం కొంచెం వేరు. ఆడవాళ్లకు తల్లి వేషం చాలా ముందే వచ్చేస్తుంది. 1975లో 'స్వర్గం నరకం'లో హీరోయిన్‌గా వచ్చిన అన్నపూర్ణ గారిని మనలో ఎక్కువమంది అమ్మగానే ఎరుగుదుం. హీరోకూ తల్లికీ వయసులో పెద్ద తేడా లేని సెట్లు నేనే ఎన్నో చూశాను. ఇది న్యాయం కాదు, మారాలి. అయినా ఆవిడ తెలుసుకుని రావాలి. ఒక మంచి మార్పు ఏమిటంటే సీరియల్స్‌లో, వెబ్ సిరీస్‌ల్లో నలభై దాటిన ఆడవాళ్ల చుట్టూ తిరిగే కథలు సినిమాలో కంటే ఎక్కువ. వాళ్లకు అక్కడ నిజంగా చేయడానికి ఏదో ఒకటి ఉంటుంది. ఇంకో మాట, ఆడిషన్ ఎక్కడైనా సరే ఆఫీసులో, పగటిపూట, తోడు ఒకరితో వెళ్లమనండి. తోడు వద్దన్నచోటికి వెళ్లనక్కర్లేదు.

సీరియల్ చేస్తే సినిమా రాదా అన్నారు. ఒకప్పుడు ఆ మాట గట్టిగా వినిపించేది. 1995లో ఈటీవీ, జెమిని వచ్చాక తెలుగులో నటులకు పని ఎంత పెరిగిందో నేను కళ్లారా చూశాను. అంతకుముందు దూరదర్శన్ ఒక్కటే. పని దొరక్క వెళ్లిపోవాల్సిన ఎన్నో కుటుంబాలు సీరియల్ వల్ల నిలబడ్డాయి. సినిమావాళ్లకు సీరియల్ నటుడితో ఉండే ఇబ్బంది ముఖం తెలిసిపోవడం కంటే డేట్లు. నెలలో సగం రోజులు సీరియల్ షెడ్యూల్‌కు పోతాయి. కథ మలుపు తిరిగితే ఉన్నట్టుండి ఇంకో నాలుగు రోజులు అడుగుతారు. ఉద్యోగం చేస్తూ డైలీ సీరియల్‌లో ప్రధాన పాత్ర చేయడం దాదాపు అసాధ్యం. అతిథి పాత్రలు, కొన్ని ఎపిసోడ్ల పాత్రలు చేయవచ్చు. అవి చేయండి. కెమెరా ముందు గంటలు పెరుగుతాయి.

సీరియల్‌లో నిజమైన ప్రమాదం ప్రాంప్టింగ్. రోజుకు ఇన్ని సీన్లు పూర్తి కావాలి, కాగితం అప్పుడే వస్తుంది, అసిస్టెంట్ పక్కన నిలబడి డైలాగు అందిస్తాడు. రెండేళ్లు అలా చేసినవాళ్లు ఎదుటి మనిషిని చూడటం మానేసి చెవిని పక్కకు పెట్టుకుని ఉంటారు. నా సెట్‌లోనూ ప్రాంప్టింగ్ ఉంది, లేకపోతే రోజు గడవదు. మీరు మాత్రం కాగితం రాగానే మూల కూర్చుని బట్టీ పట్టండి. పరిషత్తులో రెండు గంటల నాటకం కంఠతా పట్టినవారికి రెండు పేజీలు ఎంత?

డబ్బు మాట త్వరగా చెబుతాను. మొదట్లో రోజు లెక్కన ఇస్తారు. సినిమా మొత్తానికి మాట్లాడుకునేది పేరు వచ్చాక. ఎన్ని రోజులు, రోజుకు ఎంత, డబ్బింగ్ అందులోనే ఉందా, ప్రయాణం ఎవరిది, ఇవి ఫోన్ మాటగా వదలకుండా మెసేజ్‌లోనైనా రాయించుకోండి. చెల్లింపులో పది శాతం టీడీఎస్ పట్టుకుంటారు, మీరు అకౌంట్స్ మనిషి కాబట్టి దాన్ని తిరిగి ఎలా లెక్క చూసుకోవాలో నేను చెప్పనక్కర్లేదు. సీరియల్ డబ్బు చేసిన నెలలో రాదు, రెండు మూడు నెలలు పడుతుంది. నాకు ఒక సినిమాకు కో-డైరెక్టర్‌గా రావాల్సిన ఆఖరి చెక్కు రెండుసార్లు వెనక్కి వచ్చింది, ఆ నిర్మాత ఆ తర్వాత ఫోన్ ఎత్తలేదు. 2020 మార్చిలో షూటింగులు ఆగిపోయినప్పుడు రోజు లెక్కన బతికే ఆర్టిస్టులు పడ్డ అవస్థ చూశాక, ఆరునెలల ఇంటి ఖర్చు పక్కన పెట్టుకోకుండా ఎవరినీ ఉద్యోగం మానమని నేను చెప్పలేను.

వేషం ఇప్పిస్తానని డబ్బు అడిగేవాడు ఎవరైనా సరే, ఫొటోషూట్ పేరుతో అడిగినా, సంఘం కార్డు పేరుతో అడిగినా, ఒక్క రూపాయి ఇవ్వకండి. పనిచేసినందుకు మీకు ఇవ్వాలి. 'మా' (మూవీ ఆర్టిస్ట్స్ అసోసియేషన్) 1993 నుంచి ఉన్న నటుల సంఘం, దాని సభ్యత్వం సంగతి వేరు, దానికి నియమాలున్నాయి, కొన్ని సినిమాలు చేశాక ఆలోచించవచ్చు. మొదటి వేషానికి దానితో పని లేదు.

ఇక ఆడిషన్‌కి ఏం పంపాలి అన్నది. ఫొటోలు మూడు చాలు. మేకప్ లేకుండా, పగటి వెలుతురులో, ఎదురుగా ఒకటి, పక్కనుంచి ఒకటి, నిలువెత్తు ఒకటి. నాటకంలోని కిరీటం ఫొటో వద్దు. వీడియో రెండు నిమిషాలకు మించకూడదు. పేరు, వయసు, ఎత్తు, ఊరు, ఎప్పుడు రాగలరో చెప్పండి. అందరూ పంపే పెద్ద డైలాగు, కోర్టు సీన్, శపథం లాంటివి పంపకండి. అలాంటివి నేను రోజుకు పాతిక చూస్తాను. ఇంట్లో ఎవరినైనా కెమెరా వెనక కూర్చోబెట్టండి. అప్పు తీర్చలేకపోయానని కొడుకు మీకు చెబుతున్నట్టు వాళ్లను ఒక నిమిషం మాట్లాడమనండి. ఆ నిమిషమంతా కెమెరా మీ ముఖం మీదే ఉండాలి. మీరు వినండి. చివర్లో "అన్నం తిన్నావా?" అని అడగండి. ఆ వీడియో తయారయ్యాక ఇక్కడే చెప్పండి, నేను చూసి ఏం మార్చాలో రాస్తాను.